ఐదొందల తొంభై ఏళ్ళ వెనక

కందుకూరు తాలూకాఫీసు రికార్డు గదిలో
కాలాన్ని చదివినవాడు ఒకడుండేవాడు,
గుర్రం మాలకొండయ్య, రికార్డు అసిస్టెంటు.
ఏ యూనివర్సిటీ అతనికి పట్టా ఇవ్వలేదు.
పట్టాలిచ్చే వాళ్ళ సంగతి తనకి తెలుసనేవాడు.

నేను చేరిన రోజు బీరువాల మధ్య నిలబెట్టి
"ఇది ఏ సంవత్సరం?" అన్నాడు.
గోడమీది క్యాలెండరు చూసి చెప్పాను.
జమాబందీ పుస్తకం తెరిచి వేలు పెట్టాడు:
ఫసలీ 1425.
"గవర్నమెంటు ఐదొందల తొంభై ఏళ్ళ వెనక
కాపరం ఉంటది అబయా.
ఇక్కణ్ణించి అరిస్తే దానికి వినపడాలంటే
ఆమాత్రం టైం పట్టదా?"

అతని మంత్రాలు చిన్నవి.
'పరిశీలనలో ఉన్నది' అంటే స్తంభన.
'తిరిగి సమర్పించుము' అంటే పునర్జన్మ.
ఎర్రసిరాతో 'తక్షణం' అని రాసిన కట్టకే
చెదలు ముందు పట్టేది, అదెందుకో
అతనికీ అంతుపట్టలేదు.
గుడ్డమూటల ముడి చూసి
ఎవరు కట్టారో చెప్పేవాడు.
ఎడంచేతి ముడి వేసిన గుమాస్తా
ఏ తుఫానేడు బదిలీ అయ్యాడో కూడా.

ఊరు కదలకుండానే జిల్లా మారే చోటు మాది.
అతను పుట్టినప్పుడు నెల్లూరు,
బళ్ళో పలక పట్టేసరికి ప్రకాశం,
మళ్ళీ నెల్లూరు.
బోర్డు రాయడానికొచ్చిన ఖాజావలీ అడిగాడు,
"పాత అక్షరాలు గోకాలా సార్, పైనే వెయ్యాలా?"
"పైనే వెయ్యి. అడుగునున్నదాంతో
మళ్ళీ అవసరం పడుద్ది."

అంతకుముందెప్పుడో ఒక మధ్యాహ్నం
ఉలవపాడు నించి మానికల పోలమ్మ వచ్చింది,
సపోటా పాలు అంటి నల్లబడ్డ వేళ్ళతో.
ఆమె మామ దున్నిన ఎకరా ఎనభై సెంట్లకి
పాత రిజిస్టరులో పేరుండాల్సిన గడిలో
మూడు చుక్కలు.
కంప్యూటరు చుక్కల్ని చూసి
ఎవరూ లేరంది.

మాలకొండయ్య భూతద్దం పెట్టి
చాలాసేపు వంగే ఉన్నాడు.
"మొదటి చుక్క లావు. కలం అప్పుడే ముంచాడు.
రెండోది పక్కకి జరిగింది. ఎవరో పిలిచారు.
మూడోది పెట్టి తలెత్తాడు.
ఎదురుగా గోచీతో నిలబడ్డ మనిషిని
పేరేందని అడగబోయి
అడగలేదు.
ఆ క్షణం ఇంకా అయిపోలేదమ్మా.
మీ మామ అక్కడే నిలబడి ఉన్నాడు."

పోలమ్మ ఏడవలేదు.
"అట్టయితే కూచోమని చెప్పు సామీ,
కాళ్ళు పీకుతయ్యి" అంది.

అర్జీకి గడువు నిన్నటితో దాటింది.
ఆ సాయంత్రం తేదీ ముద్ర రబ్బరు చక్రాన్ని
గోటితో ఒక్క పన్ను వెనక్కి తిప్పాడు.
పదిహేడు పదహారైంది.
పామూరు బస్సు ఎప్పటి హారనే కొట్టుకుంటా పోయింది.
టీబంకులో పాలు పొంగి, ఎవరో ఎవర్నో తిట్టారు.
అంత విద్యా చదివి
అతను చేసిన ప్రయోగం అదొక్కటే.

విచారణలో అడిగారు,
"ఆ రోజు ఎక్కడ్నించి తెచ్చావయ్యా?"
"నా సర్వీసులోంచే సార్. కోసుకోండి."
కోసుకున్నారు.
ఒక రోజు తీసుకుని చిల్లర తిరిగివ్వలేదు.

అతను వెళ్ళిపోయాక
రికార్డు గదిలో ఒక స్టూలు మిగిలింది,
ఆ రిజిస్టరున్న బీరువా ఎదురుగా.
దాని మీద అతను ఎవర్నీ కూచోనిచ్చేవాడు కాదు.
మొన్న ఆడిటు వాళ్ళు సామాన్లు లెక్కపెడుతూ
వాడుతున్నవారి పేరు రాయమన్నారు.
కలం ముంచాల్సిన పనిలేదు ఇప్పుడు,
అయినా చెయ్యి ఆగింది.

పోలమ్మ ఫైలు పరిశీలనలోనే ఉన్నది.
కట్ట విప్పి, అర్జీలో ఆ పేరు వెతికి
గడిలో పట్టేట్టు
చిన్న అక్షరాలతో రాశాను:
స్టూలు, చెక్కది, ఒకటి.
మానికల చెంచయ్య.